బర్రెకు ఎరుకేనా

తత్త్వశాస్త్రం చెప్పే ఉద్యోగంలో కొత్తగా చేరిన ఒకమ్మాయి మొన్న నన్ను వెతుక్కుంటూ బహదూర్‌పల్లిలో మా ఫ్లాటుకు వచ్చింది. చాయ్ తాగినంతసేపూ మొహమాటపడి, చివరికి నోరు విప్పింది. "మేడం, నాకు మధ్యయుగాల పేపరు ఇచ్చారు. అందులో జంతువుల మనసు, మనిషికీ జంతువుకూ తేడా అని ఒక పాఠం ఉంది. పిల్లలకు ఎలా చెప్పాలో తోచడం లేదు. మీ నోట్సు ఉంటే ఇస్తారా?"

నా నోట్సు ఎప్పుడో పాతపేపర్లవాడికి వేసేశాను. ఆ మాటే చెప్పాను. పాపం, మొహం చిన్నబుచ్చుకుంది. ఆ నోట్సు ఉన్నా దండగే. దాన్ని చదివి వినిపిస్తే నా పిల్లలే ఆవలించేవాళ్ళు. అందుకే ఆమెకూ, ఆమెలాంటి వాళ్ళకూ దాని బదులు ఇది రాస్తున్నాను. ఇందులో ప్రమోషన్లు, ట్రాన్స్‌ఫర్లు, పే రివిజన్ల గొడవ ఉండదు. వాటికి రిటైరైనవాళ్ళ వాట్సాప్ గ్రూపులు చాలు. ఇన్నేళ్ళ ఉద్యోగంలో నాకు నిజంగా మిగిలింది ఒక సారు, ఒక విద్యార్థిని, ఒక బర్రె. మళ్ళీ కావాలని మనసు కొట్టుకునేదీ ఆ ముగ్గురి కోసమే.

మీ ఇంట్ల ఏమున్నయ్?

మేడ్చల్ రోడ్డు మీద ఒక డిగ్రీ కాలేజీలో పనిచేశాను. పేరెందుకులెండి. తత్త్వశాస్త్రంలో మేమిద్దరమే. ఒకరు నేను, ఇంకొకరు మా హెడ్డు ఖాదర్ సార్. ఆయనది శామీర్‌పేట అవతల ఒక పల్లె. సేద్యం చేసుకునే ఇల్లు. తాత దగ్గర కూర్చుని అరబ్బీ, ఫారసీ నేర్చుకున్నారు. పొలంలో కూలీల దగ్గర తెలుగు నేర్చుకున్నారు. రెండు చోట్లా బాగానే నేర్చుకున్నారు.

నేను చేరిన కొత్తలో నా క్లాసు బయట నిలబడి ఒకసారి పాఠం విన్నారు. నేను సిలబస్ ప్రకారం శతాబ్దం, దేశం, సిద్ధాంతం అని వరసగా చెప్పుకుపోతున్నాను. అయిపోయాక పిలిచి, "మంచిగ చెప్పిన్రు మేడం. కాని ఎవరికి చెప్పిన్రు?" అన్నారు. నాకు చాలా కోపం వచ్చింది. యూనివర్సిటీలో ర్యాంకు తెచ్చుకున్నదాన్ని కదా, వారం రోజులు ఆయనతో సరిగ్గా మాట్లాడలేదు.

ఆయన పద్ధతి వేరు. ఏటా మొదటి క్లాసులో పుస్తకం తెరిచేవారు కాదు. ఒక్కొక్కరినీ లేపి "మీ ఇంట్ల ఏమున్నయ్?" అని అడిగేవారు. టీవీ, ఫ్రిజ్ అని చెప్తే "ప్రాణమున్నయి చెప్పురా" అనేవారు. దూలపల్లి నుంచి వచ్చే అబ్బాయి కోళ్ళు అనేవాడు. ఇంకొకడు గొర్రెలు. ఒకమ్మాయి "మా నాయినమ్మ ఒక్కతే ఉంది సార్" అంటే క్లాసంతా పడీపడీ నవ్వింది. ఆ తర్వాత ఏడాది పొడుగునా ఏ పాఠం వచ్చినా ఆ కోళ్ళనూ గొర్రెలనూ పేరుపేరునా లాక్కొచ్చేవారు. ఎవరింట్లో ఏముందో ఆయనకు నోటికి వచ్చేది. మెల్లమెల్లగా నేనూ అదే పద్ధతిలో పడ్డాను, ఆయనకు చెప్పకుండానే.

మా ప్రిన్సిపాల్‌కు మాత్రం మేమంటే చులకన. "జంతువుల మనసు గురించి మీకెందుకమ్మా, దానికి వెటర్నరీ డాక్టర్లున్నారు కదా" అని స్టాఫ్ మీటింగులో అందరి ముందూ అన్నాడు. అందరూ నవ్వారు. ఖాదర్ సార్ కూడా నవ్వి, "సార్, వాళ్ళు రోగం చూస్తరు. మేము పరేషాన్ చూస్తం" అన్నారు. ఆ మాట మీద నాకు ఇప్పటికీ ప్రేమే.

గొర్రె, తోడేలు

ఆ పాఠంలో సంగతి చాలా సులువు. దాన్ని కష్టం చేసింది మేమే.

వెయ్యేళ్ళ కింద పారశీక దేశంలో ఒక వైద్యుడు, గొప్ప తత్త్వవేత్త కూడా, ఒక ప్రశ్న వేశాడు. గొర్రె తోడేలును చూస్తుంది. రంగు కంటికి కనబడుతుంది, వాసన ముక్కుకు తెలుస్తుంది. కానీ 'ఇది నన్ను చంపుతుంది' అన్నది రంగులోనూ లేదు, వాసనలోనూ లేదు. పగ కంటికి కనబడేది కాదు. మరి గొర్రెకు ఎలా తెలిసింది? తన పిల్లను చూస్తే దాని మీద మమత పుడుతుంది. మమతకు మాత్రం రంగేముంది? అందుకని జంతువుకు ఇంద్రియాలు పైపైన ఉంటే, లోపల ఇంకో శక్తి ఉందన్నాడు. దానికి ఆయన పెట్టిన పేరు వహమ్. మన ఇళ్ళల్లో ఉర్దూ మాట్లాడేవాళ్ళు ఉత్త అనుమానాన్ని వహమ్ అంటారు. అందుకని ఆ మాట రాగానే ముస్లిం పిల్లలు నవ్వేవాళ్ళు. "నవ్వుండ్రి, నవ్వుండ్రి. మీ అమ్మీ మిమ్మల్ని సూడంగనే అన్నం తినలేదని కనిపెడ్తది గద, గది కూడ వహమే" అనేవారు సార్.

ఆ తర్వాత ఐరోపాలో ఒక సన్యాసి ఈ గొర్రెనే తీసుకుని ఇంకో మాట అన్నాడు. గొర్రె నిర్ణయం చేస్తుంది, నిజమే. కానీ తాను చేసిన నిర్ణయం సరైనదేనా అని వెనక్కి తిరిగి చూసుకోలేదు. ఆ పని మనిషి ఒక్కడే చేయగలడన్నాడు. వీళ్ళిద్దరి కంటే ముందే మన దేశంలో ఒక అద్వైత గురువు దీనికి ఎదురు మాట చెప్పి ఉన్నాడు. కర్రెత్తితే పశువు వెనక్కి జరుగుతుంది, పచ్చగడ్డి పట్టుకుంటే ముందుకు వస్తుంది. కత్తి పట్టుకున్నవాడిని చూస్తే పండితుడూ అంతే చేస్తాడు. లోక వ్యవహారంలో ఇద్దరికీ తేడా ఏమీ లేదన్నాడు ఆయన.

పరీక్షలో మాత్రం ఆ సన్యాసి మాట రాస్తేనే మార్కులు. నేను చెప్పిందీ అదే. జంతువు కనబడినదాన్ని నమ్ముతుంది. మనిషి ఒక్కడే ఆగి, ఇది నిజమా అని అడుగుతాడు. బోర్డు మీద రాసి, కింద రెండు గీతలు కూడా గీసేదాన్ని.

మంజుల అడిగింది

అత్వెల్లి నుంచి మంజుల అని ఒకమ్మాయి వచ్చేది. మాట తక్కువ. ఎప్పుడూ కిటికీ పక్కన కూర్చునేది. ఆ ఏడే వాళ్ళన్న శ్రీను కండ్లకోయ దగ్గర బండి మీద నుంచి పడి చనిపోయాడు. ఆమె కొన్నాళ్ళు కాలేజీకి రాలేదు. తిరిగి వచ్చాక ఇంకా తక్కువ మాట్లాడేది.

ఆ రోజు నేను బోర్డు మీద గీతలు గీయడం అయ్యాక లేచి నిలబడింది.

"మేడం, జంతువుకు నిజమేందో అబద్ధమేందో తెల్వదంటరు. గంతేనా?"

"అంతే."

"అయితే మా బాపు చెప్పిందే కరెక్టా మేడం?"

ఏం జరిగిందో చెప్పమన్నాను. వాళ్ళకు ఒకే బర్రె ఉంది. ఇల్లు గడిచేది దాని పాల మీదే. ఈనిన కొద్ది రోజులకు దుడ్డె చచ్చిపోయింది. దుడ్డె లేకపోతే బర్రె పాలు చేపదు. పొదుగు నిండా ఉన్నా పిండితే దించదు. అట్లాంటప్పుడు మా వైపు ఊళ్ళల్లో ఒక పని చేస్తారు. చచ్చిన దుడ్డె తోలు ఒలిపించి, ఆరబెట్టి, లోపల గడ్డి కుక్కి, కాళ్ళకు కట్టెలు పెట్టి నిలబెడతారు. దాన్ని బర్రె ముందు పెడితే వాసన చూసి, నాకి, తన పిల్లే అనుకుని చేపుతుంది. మంజుల తండ్రి మల్లేశం ఆ గడ్డి దుడ్డెను చేయించి తెచ్చాడు. తల్లి నర్సమ్మ దాన్ని కొట్టంలోకి రానివ్వలేదు. గోనెసంచి కప్పి గోడకు ఆనించింది. బర్రె పొదుగు గట్టిపడుతోంది. ఆదివారం అంగడిలో అమ్మేస్తానని మల్లేశం అంటున్నాడు. పాలివ్వని బర్రె అంగడి నుంచి ఎక్కడికి పోతుందో ఊళ్ళో అందరికీ తెలుసు. నర్సమ్మకూ తెలుసు. అయినా ఒప్పుకోవడం లేదు.

"దాన్ని మోసం జెయ్యనియ్య అంటాంది మా అమ్మ. బాపేమో, దానికి తెల్వనే తెల్వది, ఇగ మోసమేంది అంటాండు. మీరు చెప్పుండ్రి మేడం, దానికి తెలుస్తదా తెల్వదా?"

క్లాసంతా నా వైపు చూసింది. బోర్డు మీద జవాబు ఉంది, కింద రెండు గీతలతో. దాన్ని గట్టిగా చదివితే ఒక తల్లి మాట పోతుంది, కాదంటే ఒక బర్రె అంగడికి పోతుంది. రేపు చెప్తానని చెప్పి స్టాఫ్ రూముకు వెళ్ళాను. ఖాదర్ సార్ అంతా విని, పరీక్ష పేపర్లు పక్కకు నెట్టి లేచారు.

"నడువుండ్రి మేడం. బర్రె ఉన్నకాడికే పోదాం."

అత్వెల్లిలో

సాయంత్రం పాలు పిండే వేళకు ఆటోలో చేరాం. మంజుల ముందు కూర్చుంది. కొట్టం ఇంటి వెనకే ఉంది. మేము ఇంకా వాకిట్లో ఉండగానే బర్రె అరుపు వినబడింది. పశువుల అరుపు నాకేం కొత్త కాదు, కానీ ఆ అరుపులో వెతుకులాట ఉంది. కాసేపు అరిచి, చెవులు నిక్కబొడుచుకుని ఆగుతుంది. మళ్ళీ అరుస్తుంది.

మల్లేశం మంచం వాల్చి కూర్చోమన్నాడు. తన బాధ ముందే చెప్పేశాడు.

"సార్, మీరు సదువుకున్నోళ్ళు, మీరన్న చెప్పుండ్రి. నోరులేని జీవి, దానికేం ఎర్క? వాసన జూస్తది, పాలిస్తది. అది కూడ సల్లగుంటది గద, మేం కూడ సల్లగుంటం. గిండ్ల తప్పేముంది?"

నేను బోర్డు మీద రాసింది ఇదే. ఆయన నోట వింటే ఎంత సబబుగా ఉందో! నర్సమ్మ కొట్టం గుంజకు ఆనుకుని నిలబడి ఉంది. సన్నగా, నల్లగా, కళ్ళ కింద వాపుతో ఉంది. కొంగులో ఒక చిన్న ఫోను కట్టి ఉంది.

"దానికి ఎర్క లేదు గదా. గందుకే వద్దంటున్న" అంది.

మాకు అర్థం కాలేదని ఆమెకు అర్థమైంది. కొంగు ముడి విప్పి ఫోను తీసింది.

అప్పట్లో కాలర్ ట్యూన్లు అని ఉండేవి. ఎవరికైనా ఫోను చేస్తే మామూలు రింగు బదులు, వాళ్ళు ఎంచుకున్న పాట మనకు వినబడేది. శ్రీను పెట్టుకున్నది ఏదో సినిమా పాట. అతని ఫోను అద్దం పగిలి ఇంట్లో గూట్లోనే ఉంది. నర్సమ్మ రోజూ దానికి చార్జింగ్ పెడుతుంది. పాల డబ్బుల్లోంచి రీచార్జ్ చేయిస్తుంది. రోజూ కొట్టంలో నిలబడి ఆ నంబరుకు ఫోను చేసి, పాట అయిపోయేదాకా వింటుంది. ఎవరూ ఎత్తరు. అప్పుడు కట్ చేస్తుంది.

"వాడు ఎత్తడని నాకు ఎర్కే సారూ. ఫోను గూట్లనే ఉన్నదని ఎర్కే. అంతా ఎర్కుండి నన్ను నేనే మోసం జేస్కుంటున్న. నా ఇష్టం, చేస్కుంటున్న. గది నన్ను అడిగిందా, నా బిడ్డ తోలుల గడ్డి వెట్టి నా ముందర నిలవెట్టుమని? ఎర్కలేనిదాన్ని మోసం జెయ్యడానికి మనమెవ్వళ్ళం?"

ఇన్నేళ్ళ పాఠాల్లో మనిషికీ జంతువుకూ తేడాను అంత సూటిగా ఎవరూ చెప్పగా నేను వినలేదు. చెప్పిన మనిషి మాత్రం కన్నీళ్ళతో ఉంది. నాకూ ఏడుపు వచ్చింది. మల్లేశం తల వంచుకుని మంచం నవారు సవరిస్తూ కూర్చున్నాడు.

ఖాదర్ సార్ లేచి వెళ్ళి ఆమెకు కాస్త దూరంలో నిలబడ్డారు.

"చెల్లె, నువ్వన్నది నిజం. కట్టేసి ముందర పెడ్తే అది జబర్దస్తీ. కాని దానికి ఎర్కలేదని నువ్వెట్ల చెప్తున్నవ్? మేం పుస్తకాలల్ల రాసుకున్నం, మీ ఆయన అన్నడు, నువ్వు నమ్మినవ్. దాన్నెవ్వరు అడగలే. ఒక పని చేద్దాం. పలుపు ఇప్పుదాం. గా దుడ్డెను అవతల మూలకు పెడ్దాం. మనం పిల్వద్దు, అదిలియ్యద్దు. వస్తే వస్తది, లేకుంటే లేదు. రాకుంటే నేనే మల్లేశంతోని మాట్లాడ్త."

నర్సమ్మ ఆయన మొహంలోకి చూసింది. తల ఊపింది.

గోనెసంచి తీసింది మంజులే. తోలు మీద నుదుటి దగ్గర తెల్లమచ్చ అట్లాగే ఉంది. కళ్ళున్న చోట మాత్రం కుట్లు ఉన్నాయి. దాన్ని మూలకు పెట్టి అందరం గోడ పక్కకు జరిగాం. నర్సమ్మ తన చేత్తోనే పలుపు విప్పింది.

బర్రె వెంటనే కదల్లేదు. విప్పారని కూడా దానికి తెలియనట్టు అక్కడే నిలబడింది. తర్వాత ముట్టె పైకెత్తి గాలి పీల్చింది. మెల్లగా నడిచి మూలకు వెళ్ళింది. మూతి వాసన చూసింది, తోక కింద వాసన చూసింది, నుదుటి మచ్చ నాకింది. కుట్ల మీద కూడా నాలుక వేసి ఆగింది.

అప్పుడు బర్రె గడ్డి దుడ్డె మీద నుంచి తల ఎత్తి వెనక దొడ్డి తోవ వైపు తిరిగింది. చచ్చిన దుడ్డెను తీసుకుపోయింది ఆ తోవలోనే అని మంజుల తర్వాత చెప్పింది. అటే చూస్తూ గట్టిగా అరిచింది. మళ్ళీ తల వంచి తోలు నాకింది. మళ్ళీ తోవ వైపు చూసి అరిచింది. ఆ అరుపులోనే చన్నుల నుంచి పాలు వాటంతట అవే కింద పడటం మొదలుపెట్టాయి.

మల్లేశం గిన్నె కోసం లేవబోయాడు. నర్సమ్మ చెయ్యి అడ్డం పెట్టి ఆపింది. తానే గిన్నె తీసుకుని వెళ్ళి బర్రె పక్కన గొంతుక్కూర్చుంది. కాసేపు పిండలేదు, దాని కడుపుకు తల ఆనించుకుని ఉండిపోయింది.

"దానికి ఎర్కే సారూ" అంది, మా వైపు చూడకుండానే. "ఎర్కయ్యే ఇస్తాంది."

తర్వాత పిండింది. ఆ పాలతోనే మాకు చాయ్ పెట్టింది. ఆదివారం బర్రె అంగడికి పోలేదు.

తిరిగి వచ్చేటప్పుడు ఆటోలో ఖాదర్ సార్‌ను అడిగాను. బర్రెకు నిజంగా తెలుసంటారా అని. "నాకు తెల్వదు మేడం. మస్తు సంతోషంగున్న, నాకు తెల్వదని ఇయ్యాల తెలిసింది" అన్నారు. మర్నాడు నేను క్లాసులో బోర్డు మీద ఆ సన్యాసి వాక్యమే రాసి, గీతలు గీయకుండా వదిలేసి, మంజులను వచ్చి చెప్పమన్నాను. చెప్పింది. గొర్రెల ఇంటి పిల్లవాడు కాదన్నాడు. బర్రెకు తోవ అలవాటు, అందుకే చూసిందన్నాడు. వాళ్ళిద్దరూ గంట కొట్టినా ఆపలేదు. ఆ తర్వాత నేను ఎన్నో మంచి క్లాసులు చెప్పి ఉంటాను. నాకు కావాల్సింది మాత్రం ఆ గంటే.

ఇప్పుడు

మా డిపార్ట్‌మెంటు నేను రిటైర్ కాకముందే మూతపడింది. చివరి రెండేళ్ళు నాతో కంప్యూటర్ ల్యాబు కాపలా కాయించారు. ఖాదర్ సార్ పోయారు. శామీర్‌పేట అవతల వాళ్ళ పొలంలో ఇప్పుడు విల్లాలు లేచాయి. పొద్దున తలుపుకు తగిలించిన సంచిలో పాల ప్యాకెట్లు ఉంటాయి. వాటిని కత్తిరించేటప్పుడు ఒక్కోసారి ఆయన గొంతు నిజంగానే వినబడుతుంది, మీ ఇంట్ల ఏమున్నయ్ అని. ఏమీ లేవు సార్ అని చెప్పాలనిపిస్తుంది. ఇంత బెంగ పెట్టుకుంటానని ఉద్యోగంలో ఉన్నప్పుడు అనుకోలేదు.

కొత్తగా చేరే పిల్లలకు చెప్పేది ఒకటే. ఆ సన్యాసి చెప్పింది కూడా చెప్పండి, అది తక్కువ మాటేమీ కాదు. కానీ క్లాసులో ఎవరో ఒకరు లేచి నిలబడితే కూర్చోబెట్టకండి.

ఆ కొత్తమ్మాయి వచ్చి వెళ్ళాక మనసాగక అత్వెల్లి వెళ్ళాను. మంజుల పెళ్ళయి, స్కూల్లో టీచరుగా చేస్తోంది. బర్రె ముసలిదై, ఆ కొట్టంలోనే కన్నుమూసిందట. నర్సమ్మ నన్ను గుర్తుపట్టి మంచం మీద కూర్చోబెట్టింది. అవీ ఇవీ మాట్లాడాక ఆ నంబరు సంగతి అడగాలా వద్దా అని నేను తటపటాయిస్తుంటే ఆమే చెప్పింది. మోకాలి ఆపరేషన్ అయి ఆస్పత్రిలో పడి ఉన్నప్పుడు రీచార్జ్ సంగతి ఎవరికీ గుర్తు రాలేదు. నంబరు పోయింది. ఇంటికి వచ్చినా అలవాటు కొద్దీ చేస్తూనే ఉంది. చాన్నాళ్ళు ఏమీ మోగలేదు.

"ఒకనాడు మోగింది మేడం. పాట లేదు, ఉత్త రింగే. గుండె ఆగినంత పనైంది. ఎవ్వడో పోరడు ఎత్తిండు. హలో, ఎవరు అన్నడు. మా శ్రీను నంబరు కంపెనీవోళ్ళు ఇంకోలకు ఇచ్చిన్రని నాకు ఎర్కైంది."

"మరి పెట్టేశావా?"

"లే" అంది నర్సమ్మ. "తిన్నవా బిడ్డా అని అడిగిన. ఇగ, తిన్ననమ్మా, నువ్వు తిన్నవా అన్నడు."